లకుముకి పిట్ట కూర్చున్న గెడ

ఆ ఫోటోలో లకుముకి పిట్ట కూర్చున్న గెడ మా నాన్నది.

నిన్న పోస్టులో వచ్చిన ఒక సాహిత్య పత్రిక అట్ట మీద ఉంది ఆ ఫోటో. ప్రకృతి, పర్యావరణం మీద వేసిన ప్రత్యేక సంచిక. చుట్టూ కదలని నీళ్లు, వెనక ఎండిపోయిన కొబ్బరి మొండేలు, మధ్యలో ఒక వెదురు గెడ, దాని కొసన నీలం రెక్కల పిట్ట. లోపల ఒక వ్యాసంలో అదే ఫోటో కింద ఒక వాక్యం: "మనిషి చేయి తగలని చోటు."

ఆ గెడను మా నాన్న పోర్ట్ బ్లెయిర్‌లో డెయిరీ ఫార్మ్ అనే పేటలో షామియానాలు అద్దెకిచ్చే షాపు వెనక నుంచి భుజం మీద మోసుకొచ్చాడు. ఇంటి ముందు కూర్చుని కత్తితో కొస చెక్కాడు. తొడల దాకా బురదలో దిగి, రాయితో కొట్టి పాతాడు. మనిషి చేయి ఇంకెలా తగలాలో ఆ వ్యాసం రాసినాయన చెప్పాలి.

ఆయన నా గైడ్. నా ఎం.ఏ. చివరి ఏడాది సిద్ధాంత వ్యాసానికి గైడ్‌గా ఉండేవారు. ఇప్పుడు కాదు.

పాప నిద్రపోయింది. మా ఆయన దీవుల మధ్య తిరిగే స్టీమర్ మీద డ్యూటీలో ఉన్నాడు, ఎల్లుండి గానీ రాడు. ఆయన నీళ్ల మీద ఉన్నన్ని రాత్రులు నాకు సరిగా నిద్ర ఉండదు. గుమ్మం పక్కన ఒక సంచి ఎప్పుడూ కట్టి ఉంచుతాను: టార్చి, పాపకి రెండు జతల బట్టలు, బిస్కెట్లు, గుర్తింపు కార్డులు. మంచం కాస్త కదిలితే చాలు, లేచి గోడ గడియారం ఊగుతోందా అని చూస్తాను. చాలాసార్లు కదిలించేది పాప కాలే. ఇలాంటి రాత్రుల్లో రాసుకోవడం అలవాటైంది. ఈ రాత్రి మాత్రం భయంతో కాదు, కోపంతో రాస్తున్నాను.

సునామీ వచ్చిన ఆదివారం నాకు పదకొండేళ్లు. మా ఇల్లు అప్పుడూ ఊరి శివారున గరాచర్మ దాటాకే, రోడ్డుకు ఎగువన. పొలం దిగువన. తాత శ్రీకాకుళం వైపు నుంచి హార్బరు పనికి వచ్చి, కొన్నేళ్లకు ఆ పొలం సంపాదించాడట. వానాకాలం వరి, తర్వాత బెండ, వంగ, బీర. గట్ల మీద అరటి. పొలానికి అవతల ఉప్పునీటి నాలా, దానికి అడ్డంగా పెద్ద కట్ట, కట్టకు తూము. పోటు నీళ్లు లోపలికి రాకుండా, వాన నీళ్లు బయటికి పోయేలా ఆ తూము తలుపు మూస్తూ తెరుస్తూ ఉండటం నాన్న పని.

టీవీలో చూపించిన గోడలాంటి అల మా వైపు రాలేదు. పొద్దున్నే భూమి ఊగింది. అమ్మ నన్ను చంకనెత్తుకుని బయటికి పరిగెత్తింది, నేను మోయలేనంత పెద్దదాన్నయినా. ఊగడం ఆగాక చాలాసేపటికి నాలా పొంగింది. కట్ట మీదుగా నీళ్లు నెమ్మదిగా, అడిగి వస్తున్నట్టు మళ్లలోకి వచ్చాయి. అప్పటికి వరి కోసి కుప్ప వేసి ఉంది. కుప్ప నీళ్లలో తేలడం చూశాను. పాటు వచ్చినప్పుడు నీళ్లు కొంచెం తీశాయి. మళ్లీ పోటుకు వచ్చాయి. అలా రోజుకి రెండుసార్లు వస్తూ పోతూ, మొత్తానికి పోనే లేదు.

నేల కుంగిపోయిందని మాకు తెలియదు. దక్షిణ అండమాన్ నేలంతా ఆ పొద్దున కిందికి దిగిందని తర్వాత పెద్దవాళ్లు చెప్పుకుంటే విన్నాం. నాన్న మాత్రం తూము పాడైందనుకున్నాడు. తూము బాగు చేస్తే నీళ్లు పోతాయనుకున్నాడు. ఒక నెలంతా ఇద్దరు ముగ్గురు రైతులు కలిసి తూముకి కొత్త తలుపు వేశారు, కట్టకి గండ్లు పూడ్చారు. సముద్రం వాళ్ల కంటే ఎత్తులో ఉందని వాళ్లకి ఎవరూ చెప్పలేదు. ఆ తర్వాతి వానాకాలం నాన్న, వాన నీళ్లకి ఉప్పు కడుక్కుపోతుందని గట్టి నమ్మకంతో ఎగువ మడిలో నారు కూడా పోశాడు. జానెడు ఎదిగి పసుపుపచ్చగా మారి పడిపోయింది. విత్తనం వడ్లు మా తిండి వడ్ల లోంచి తీసినవి. ఆ సంగతి అమ్మ ఇప్పటికీ మర్చిపోదు, నాన్నని మర్చిపోనివ్వదు.

గెడలు పాతడం ఆ ఏడాదే మొదలైంది. నీళ్లు నిలిచిపోయాక అందరి పొలాలూ ఒక్కటే నీటి ముద్ద అయిపోయాయి. ఎవరిది ఎక్కడో చెప్పడానికి లేదు. కానీ గట్లు నీళ్ల కింద ఉన్నాయి. అమావాస్య పాటుకు నీళ్లు బాగా తీసినప్పుడు, బురదలో నడిస్తే కాళ్లకు గట్టు తెలుస్తుంది. గట్టు పక్క మెత్తగా దిగిపోతుంది, గట్టు మీద అరికాలు నిలబడుతుంది. నాన్న అలా కాళ్లతో తడుముకుంటూ పొలం నాలుగు మూలలూ వెతికి పట్టుకుని నాలుగు గెడలు పాతాడు. తూము దగ్గర ఐదోది. ఉప్పునీటికి వెదురు రెండేళ్లకంటే ఉండదు. కుళ్లినదాన్ని తీసి కొత్తది పాతుతాడు. పోటు పాట్ల పట్టిక మా ఇంట్లో క్యాలెండరు పక్కన అంటించి ఉంటుంది. అమ్మ తిథులు చూసుకుంటుంది, నాన్న నీళ్లు చూసుకుంటాడు.

మిగతా రైతులు కొందరు మానేశారు, కొందరు పాతుతూనే ఉన్నారు. ఈలోగా పక్షులు వచ్చాయి. కొంగలు, నీటికోళ్లు, బాతులు, పేరు తెలియనివి ఎన్నో. వాటి వెంట కెమెరాలు వచ్చాయి. మొసళ్లూ వచ్చాయి. రోడ్డు పక్కన మొసలి బొమ్మతో ఒక బోర్డు పెట్టారు. నాకు పెళ్లయి, పాప పుట్టాక, నాన్న నీళ్లలోకి దిగే రోజు తెలిస్తే చాలు, నాకు అన్నం దిగదు. నేనైతే ఆ ఆదివారం తర్వాత ఏళ్ల తరబడి మోకాలి లోతు నీళ్లలోకి కూడా దిగలేదు.

ఎం.ఏ. తెలుగు దూరవిద్యలో చేశాను. ఏటా ఒకసారి తరగతులకు విశాఖపట్నం వెళ్లేదాన్ని. అక్కడే ఆ సార్ పాఠం విన్నాను. న్యాయంగా చెప్పాలంటే, అంత బాగా పాఠం చెప్పినవాళ్లని నేను చూడలేదు. సాహిత్యంలో ప్రకృతిని ఎలా చదవాలో ఆయన చెప్పేవారు. కథలో చెట్టు ఎందుకుంది, కథానాయకుడు ఆనుకుని నిలబడటానికేనా అని అడిగేవారు. వర్షం మీద అన్ని పద్యాలు రాసుకున్నాం, వాటిలో ఒక్కడైనా గొడుగు వెతుక్కున్నాడా అని అడిగి మమ్మల్ని నవ్వించేవారు. కొండని వర్ణించినవాడు ఆ కొండ మీద ఎవరు బతుకుతున్నారో చెప్పాడా, చెప్పలేదంటే ఎందుకు చెప్పలేదు? మనిషి తన దుఃఖాన్ని నది మీద రుద్ది, నది ఏడుస్తోందని రాస్తే, నది సంగతి మనకేం తెలిసింది? ఇలా ఉండేవి ప్రశ్నలు. నాకు కొత్త కళ్లు పెట్టినట్టుండేది.

ఆయన పద్ధతి ఒకటుంది. రెండు పెన్సిళ్లు పట్టుకోమనేవారు. కథ చదువుతూ ప్రకృతికి సంబంధించిన ప్రతి మాట కిందా ఆకుపచ్చ గీత, మనిషి చేసిన ప్రతిదాని కిందా ఎర్ర గీత. అయ్యాక పేజీని దూరంగా పట్టుకుని చూడాలి. ఏ రంగు ఎక్కడ గుమిగూడింది, ఏది ఎక్కడ మాయమైంది. చివర ఒక ప్రశ్న వేసుకోవాలి: ఇదంతా చూస్తున్నవాడు ఎక్కడ నిలబడి చూస్తున్నాడు?

ఆ ప్రశ్నని నేను మనసులో రాసిపెట్టుకున్నాను. నా సిద్ధాంత వ్యాసం తీర ప్రాంతపు కథల్లో నీళ్లు, నేల గురించి. మూడు అధ్యాయాలు కథల మీద. నాలుగో అధ్యాయం, మా పొలం మీద. రైతులు మునిగిన పొలాల గురించి మాట్లాడుకునే మాటలు, వాటికి ఇప్పటికీ వాడే పేర్లు, గెడలు, కాళ్లతో గట్టు వెతకడం. నీళ్ల కింద ఉన్నదాన్ని "ఎగువ మడి", "అరటి గట్టు" అని పిలుస్తున్నంతకాలం అది పొలమేనని రాశాను. సార్ ఆకుపచ్చ పెన్సిలుతో మార్జిన్లో ఒక ముక్క రాసి తిప్పి పంపారు: "ఇది సాహిత్యం కాదు, వినతిపత్రం. తీసేయండి."

తీయలేదు. మళ్లీ ఆయనకి పంపనూ లేదు. ఆయన సంతకం లేనిదే వ్యాసం పోదు. పోకపోతే డిగ్రీ లేదు. ఆ రెండింటి మధ్య ఊగుతూ ఆరు నెలలు గడిపాను.

అంతలో పోర్ట్ బ్లెయిర్‌లోనే ఒక సదస్సు పెట్టారు, సాహిత్యం, ప్రకృతి మీద రెండు రోజులు. సార్ ముందు రోజే వచ్చి మా ఇల్లు చూస్తానన్నారు. నాకు ఎంత సంబరమో. నాన్నని చూస్తే, నీళ్లు చూస్తే, నాలుగో అధ్యాయం ఎందుకు రాశానో ఆయనకే అర్థమవుతుందనుకున్నాను.

వచ్చారు. అమ్మ చేపల పులుసు పెట్టింది, మెచ్చుకుని తిన్నారు. తిన్నాక ఫోన్‌లో రికార్డింగ్ పెట్టి నాన్నని అడిగారు, సముద్రం మీద కోపం ఉందా అని.

నాన్న అన్నాడు, "సముద్రానికేటి తెలుసు బాబూ. నేల దిగిపోనాది. పల్లం దొరికితే నీరు రాదేటి? నీరు తప్పేటుంది?"

"అయితే ఆమెని మీరు తల్లి అనుకుంటారా?"

నాన్నకి ఎవరి గురించో అర్థం కాలేదు. అమ్మకి అయింది. గిన్నెలు తీస్తూనే అంది, "తల్లి కాదు బాబూ, అత్త. సెప్పకుండా వొచ్చింది, మరి కదల్నేదు."

నాన్న, నేను పగలబడి నవ్వాం. సార్ కూడా నవ్వారు గానీ ఆ నవ్వు ఆయన రికార్డింగ్‌కి పనికిరాలేదని ముఖం చూస్తే తెలిసింది. నీళ్ల మీద పాటలేమైనా ఉన్నాయా అని అమ్మని అడిగారు. నాట్లప్పుడు పాడేవాళ్లం, ఇప్పుడు ఏ మడిలో నాటమంటారు అని అమ్మ తిరిగి అడిగింది. తర్వాత నాన్న గెడల గురించి చెప్పాడు. రెవెన్యూ ఆఫీసు నుంచి పట్వారీ రాబోతున్నాడని, వచ్చే అమావాస్యకి కొలతలని చెప్పాడు. ఎన్నో ఏళ్లు తిరిగితే ఇప్పటికి ఒప్పుకున్నారు. కొత్త నక్షాలో, అంటే భూమి పటంలో, పొలంగా గుర్తిస్తారా, నీళ్లని రాసేస్తారా అన్నది ఆ రోజు తేలుతుంది. మూలలు చూపించగలిగితే పొలం. చూపించలేకపోతే నీళ్లే. "నిశాన్, గురుతు ఉండాల బాబూ. నిశాన్ నేకపోతే పట్వారీ సాబ్ మాత్రం ఏటి రాస్తాడు?"

సార్ తలూపుతూ విన్నారు. అప్పటికే రికార్డింగ్ ఆపేశారు. నేను చూశాను.

వెళ్లేటప్పుడు రోడ్డు మీద ఆగి ఫోటోలు తీశారు. లకుముకి పిట్ట గెడ మీద వాలింది అప్పుడే.

సదస్సులో నాకు వాలంటీర్ బ్యాడ్జి ఇచ్చారు. టీ కప్పులు, ఫైళ్లు, మైకు. రెండు రోజులూ మంచి మాటలు విన్నాను, కొన్ని నిజంగా మంచివే. రెండో రోజు సాయంత్రం సార్ లేచి, మాటలు చాలు, రేపు పొద్దున అందరం నీటి దగ్గరికి వెళ్లి చెత్త ఏరుదాం అన్నారు. చప్పట్లు. నేనూ కొట్టాను.

మర్నాడు పాపని ఎవరి దగ్గరా వదలడానికి లేదు. మా ఆయన హేవ్‌లాక్ దీవి ట్రిప్పులో ఉన్నాడు. అమ్మ, నాన్న నాన్న కంటి పరీక్షకి ఆస్పత్రికి పోయారు. పాపని తీసుకునే వెళ్లాను. మా పొలం దగ్గరికే. ఇరవై మంది దాకా ఉన్నారు. చేతులకి రబ్బరు తొడుగులు, తలకి టోపీలు. పక్షుల్ని దగ్గర నుంచి చూడటానికి ఒక డుంగీ పడవ కూడా మాట్లాడారు. సీసాలు, కవర్లు, థర్మకోల్ ముక్కలు ఏరారు. నేను గోతాం పట్టుకుని నిలబడ్డాను, పాప నా చున్నీ పట్టుకుని.

అప్పుడు రోడ్డు పక్కన ఉన్న గెడని ఒకాయన ఊపి చూశాడు. సార్ రోడ్డు మీద నుంచే అన్నారు, "అవి కూడా తీసేయండి. దృశ్యానికి అడ్డంగా ఉన్నాయి."

పీకారు. నాన్న రెండేళ్ల పాటు నిలిచేలా పాతినదాన్ని ముగ్గురు ఊపి ఊపి పీకారు. తర్వాత రెండోది. డుంగీలో ఉన్నవాళ్లు ఎవరో చెప్పకుండానే అవతలి రెండూ, తూము దగ్గరిదీ లాగేశారు. ప్లాస్టిక్ సీసాల కుప్ప పక్కన ఐదు గెడలూ పడుకోబెట్టారు. బురద పట్టిన భాగం నల్లగా, పైభాగం తెల్లగా, పిట్టల రెట్టతో.

పాప గట్టిగా అంది, "అవి మా తాతవి."

అందరూ దాన్ని చూశారు. సార్ దగ్గరికొచ్చి దాని తల నిమిరారు. "ఇవన్నీ ఎవరివీ కావు తల్లీ. ప్రకృతి అందరిదీ."

"కాదు, తాతవి. తాత కొట్టాడు," అంది అది, నా వైపు చూస్తూ. నేను సాక్ష్యం చెప్తానని.

నేను దాని నోటి మీద చేయి పెట్టాను. "ఊరుకో," అన్నాను.

ఇది రాయడానికే ఈ రాత్రి కూర్చున్నాను. ఇంతసేపూ ఆయన మీద కోపమని రాశాను, అది నిజమే. కానీ ఆయనకి తెలియకపోవచ్చునని ఎవరైనా అంటే ఒప్పుకోవడానికి కొంచెం వీలుంది, నాన్న చెప్పినప్పుడు ఆయన వినలేదు కాబట్టి. నాకు తెలుసు. అమావాస్య ఎనిమిది రోజుల్లో ఉందని తెలుసు. సంతకం కోసం నా ఐదేళ్ల కూతురి నోరు మూశాను. ఆ పిల్ల పెదాలు నా అరచేతికి తగిలి కదులుతున్నాయి, ఇంకా ఏదో చెప్తోంది.

తర్వాత గ్రూప్ ఫోటో తీశారు. అందులో నేనున్నాను. గోతాం పట్టుకుని నవ్వుతున్నాను.

చెత్త బండి మధ్యాహ్నమే వచ్చి అన్నీ తీసుకుపోయింది.

సాయంత్రం నాన్న కంటికి చుక్కల మందు వేయించుకుని బస్సు దిగాడు. రోడ్డు మీద నుంచే చూశాడు. మందు వల్ల మసకగా ఉందేమో, అందుకే కనిపించడం లేదేమో అనుకున్నాడట. ఇంటికొచ్చి నన్ను అడిగాడు, నువ్వొకసారి చూడమ్మా, గెడలున్నాయా అని. దొంగలు వెదురు గెడలు ఎత్తుకుపోవడమేంటని అమ్మ తిట్టడం మొదలుపెట్టింది, ఎవరినో తెలియకుండానే.

నేను చెప్పేలోపు పాప చెప్పేసింది. మొత్తం చెప్పింది. సార్ వాళ్లు పీకారు, నేను తాతవి అన్నాను, అమ్మ ఊరుకోమంది. ఏ ముక్కా వదలలేదు.

అమ్మ నా వైపు చూసి ఒక్క మాట అంది. "చదువుకున్నావు."

నాన్న మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని కూర్చున్నాడు. తర్వాత క్యాలెండరు పక్కన పట్టిక చూడబోయి, అక్షరాలు కనపడక నన్ను పిలిచాడు. "అమాస ముందు రోజు పాటు ఎన్ని గంటలకమ్మా?"

చెప్పాను. పొద్దున ఆరు దాటాక.

"కళ్లు సరిగ్గా నేవు. కాళ్లున్నాయి కదా," అన్నాడు.

ఆ వారం రోజులు నేను ఏం చేశానో ఎక్కువ రాయను. మా ఆయన వచ్చాక చెప్పాను. ఆయన ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. ఫీనిక్స్ బే జెట్టీ దగ్గర తెలిసిన పోర్టర్లని అడిగి ఐదు గెడలు సంపాదించాడు, అవి మంచి లావుపాటివి. స్టీమర్‌కి వేసే ఎర్ర రంగు, తుప్పు పట్టకుండా ఇనుముకి పూసేది, అడుగున మిగిలిన ఒక డబ్బా కూడా తెచ్చాడు. వెదురు కుళ్లకుండా ఉంటుందేమోనని తెచ్చానన్నాడు. ఆ రంగు చూడగానే నాకు సార్ ఎర్ర పెన్సిలు గుర్తొచ్చింది. గెడలకి నేనే పూశాను, కింది నుంచి పై కొస దాకా.

అమావాస్య ముందు రోజు పొద్దున నాన్నతో నీళ్లలోకి దిగాను. మా ఆయన రోడ్డు మీద పాపని ఎత్తుకుని, ఇంకో చేత్తో పెద్ద కర్ర పట్టుకుని, మొసలి జాడ కోసం నీళ్ల మీదే కళ్లు పెట్టి నిలబడ్డాడు. మొదటి అడుగుకే బురద మోకాలి దాకా పట్టుకుంది. నాకు పదకొండేళ్లప్పటి భయమంతా తిరిగొచ్చింది. వెనక్కి తిరిగి పోదామనుకున్నాను. ముందు నాన్న వెళ్తున్నాడు, ఇంకా చుక్కల మందు వేస్తున్న కళ్లు అరమూసుకుని, చేతులు పక్కలకి చాపి.

"కుడేపు రా. కుడేపు. నువ్వున్నకాడ మీ అమ్మ ముల్లంగి ఏసేది, నేల బాగా మెత్తన," అన్నాడు.

కుడి వైపు జరిగాను. అరికాలు కింద నేల గట్టిపడింది. సన్నగా, పొడుగ్గా, ఒకే వరసలో. నేను పదకొండేళ్ల దాకా పరిగెత్తిన గట్టు. సమాధి అయిపోయిందనుకున్నది నీళ్ల కింద అలాగే ఉంది. ఏడుపొచ్చింది గానీ చేతిలో గెడ ఉంది, ఏడవడానికి కుదరలేదు. నాలుగు మూలలూ దొరికాయి. తూము దగ్గర మాత్రం లోతు ఎక్కువైపోయి పాతలేకపోయాం. నాన్న రాయితో కొడుతుంటే నేను పట్టుకున్నాను. కళ్లు ఆనక రెండు దెబ్బలు నా వేళ్ల మీద పడ్డాయి. గోరు నల్లబడి ఊడిపోయింది, కొత్తది వంకరగా వచ్చింది.

మర్నాడు పట్వారీ వచ్చాడు. హిందీ మాట్లాడే కుర్ర పట్వారీ, ప్యాంటు మడుచుకోవడానికి కూడా ఇష్టపడలేదు. రోడ్డు మీదే నిలబడి నక్షా విప్పి, "చాచా, నిశాన్ కహా హై?" అన్నాడు. నాన్న చేయి చాపాడు. నీళ్ల మధ్య నాలుగు ఎర్ర గెడలు. అంత దూరం నుంచి కూడా కళ్లలో గుచ్చుకునేంత ఎరుపు. అతను నక్షాని నీళ్లని మార్చి మార్చి చూశాడు. కాసేపు టేపు, లెక్కలు. పాత నక్షాలోని మూలలకి ఒకటి రెండు అడుగుల తేడాతో సరిపోయాయి. "అరె, బిల్కుల్ బరాబర్," అని అతనే ఆశ్చర్యపోయాడు. పుస్తకంలో రాశాడు: ఖేత్. పక్కన, పానీ మే. నీళ్లలో ఉంది, కానీ పొలం. పక్కన గెడలు లేనివాళ్ల పొలాల దగ్గర ఏం రాశాడో నేను అడగలేదు. అది అడగకపోవడం కూడా నన్ను పీడిస్తోంది.

నాన్న ఆ మాట ఎక్కడ రాశాడో వేలు పెట్టి చూపించమన్నాడు. నేను చూపించాను. కనపడకపోయినా వేలు అక్కడే కాసేపు ఉంచాడు.

ఆ వారమే సార్‌కి ఉత్తరం రాశాను. నాలుగో అధ్యాయం తీయనని, గెడలు ఎవరివో, అవి తీశాక ఏం జరిగిందో, నేను మాట్లాడకపోవడం నా తప్పని రాశాను. జవాబుగా ఆయన ఫోన్ చేశారు. బాధపడ్డానన్నారు. ఎవరైనా అప్పుడే చెప్పి ఉండాల్సిందన్నారు. పాప చెప్పింది సార్ అన్నాను. ఆ మాట దాటేసి, ఎవరో కొత్త గెడల ఫోటో పంపారని, ఆ ఎర్ర రంగు మాత్రం అక్కడ అస్సలు బాగాలేదని అన్నారు. పిట్టలు బెదురుతాయేమో అని కూడా.

అప్పుడు ఫోన్ పెట్టేశాను. గైడ్‌ని మార్చమని దరఖాస్తు పెట్టాను. ఏడాది పోయింది. కొత్త మేడమ్ నాలుగో అధ్యాయాన్ని మొదటికి తెమ్మన్నారు.

ఇంతలో నిన్న ఈ పత్రిక వచ్చింది. వ్యాసం మొత్తం చదివాను, రెండు పెన్సిళ్లు పట్టుకుని. ఆయన నేర్పినట్టే. నీరు, ఆకుపచ్చ. కొంగ, ఆకుపచ్చ. ఎండిన కొబ్బరి, ఆకుపచ్చ అని గీత పెట్టబోయి ఆగాను. ఆ కొబ్బరి చెట్లు తాత వరసగా నాటినవి. ఎరుపు. నీటి అంచున "సహజంగా ఏర్పడిన" మట్టి దిబ్బ, అది మా తూము కట్ట. ఎరుపు. పదకొండు పేజీలు. దూరంగా పట్టుకుని చూశాను. ఆయన పచ్చగా రాసినదంతా ఎర్రగా తేలింది. చివరి ప్రశ్న కూడా వేసుకున్నాను, చూస్తున్నవాడు ఎక్కడ నిలబడి చూస్తున్నాడని. మార్జిన్లో జవాబు రాశాను: రోడ్డు మీద.

సాయంత్రం పాపకి అట్ట మీది ఫోటో చూపించాను. ఇది ఏంటో చెప్పు అన్నాను. అది వెంటనే చెప్పలేదు. ముందు నా చేతుల వైపు చూసింది, రెండు చేతులూ ఎక్కడున్నాయో అని. నేను వాటిని ఒళ్లో పెట్టుకున్నాను.

అప్పుడు చెప్పింది, "పిట్ట. తాత గెడ మీద."